మూడో పలక

ఇంకా యాభై ఐదు నిమిషాలు. ఇనుముకి తొందరేం లేదు, తొందరంతా హాలిస్‌ది. వర్క్‌షాపు అతనిది, గోడ గడియారం అతనిది, శుక్రవారం రాబోయే కొనుగోలుదారు కూడా అతని తలనొప్పే, అందుకని తనిఖీ గది గుమ్మంలో నిలబడి ఒక కాలి మీది బరువు ఇంకో కాలి మీదకి మార్చుకుంటున్నాడు. నాకు తొందర లేదు. నేను చెప్పిన మాట సరైనదని నాకు తెలుసు. గొలుసు కప్పీతో మూడో పలకని ఎత్తి రెండో పలక పక్కన దించి ఐదు నిమిషాలైంది, దించేటప్పుడు మా చేతుల వేడి దానికి అంటింది, ఆ వేడి పోయి పలకలన్నీ ఈ గది చల్లదనానికి రావాలి, అంతవరకూ ఎవరూ ముట్టుకోకూడదు. గంట అన్నాను. గంటంటే గంటే. బయట వెర్మాంట్ అంతా మార్చి బురద, మంచు కరిగి దారులు గంజిలా ఉన్నాయి, వచ్చిన ప్రతివాడి బూట్లూ మడమల దాకా మట్టి. ఈ గదిలో మాత్రం ఏడాది పొడుగునా ఒకటే చల్లదనం, బూట్లు గుమ్మం బయటే. నాకు ఎదురుగా, మేజోళ్ళ కాళ్ళు చాపుకుని, ఓరిన్ పెల్కీ కూర్చుని ఉన్నాడు. ఎనభై ఒకటో ఏడు నడుస్తోంది. షాపులో అందరం మేస్త్రీ అంటాం. ఈ గదిలో మొదటి రెండు పలకలూ, మేం చేసే ప్రతి బల్లనీ సరిచూసుకునే పెద్ద పలకా దాని జోడూ, ఆయన చేతి మీద తయారైనవే, నేనూ ఆయన చేతి మీద తయారైనదాన్నే. ఇవాళ నా మాట నిజమైతే ఆయన పలక వంకర, అబద్ధమైతే నా చెయ్యి వంకర. ఏదో ఒకటి తేలేదాకా ఇళ్ళకి వెళ్ళేది లేదు.

మేం చేసేది గ్రైండింగ్ మెషిన్లు. మెషిన్ బల్ల ఎంత చదునుగా ఉంటే దాని మీద అరగదీసిన ముక్క అంత చదునుగా వస్తుంది. చలికాలమంతా కూర్చుని నేను గీకిన బల్ల ఒకటి జనవరిలో వెళ్ళింది, ఫిబ్రవరిలో కొన్నవాడి దగ్గర్నుంచి ఉత్తరం వచ్చింది, బల్ల మధ్యలో ఉబ్బు ఉందని, వెంట్రుక మందంలో పదో వంతు. పదో వంతే కదా అని ఈ లోయలో ఎవరూ అనరు, అన్నవాడు ఇంకో పని చూసుకుంటాడు. హాలిస్ నన్ను పిలిచి, "డెల్, నీ చెయ్యి జారినట్టుంది, యాభయ్యో పడిలోకి వస్తున్నావు, కళ్ళజోడు మార్చుకో," అన్నాడు. నా కళ్ళజోడుకేం, బ్రహ్మాండంగా ఉంది. నేను ఉత్తరం రెండుసార్లు చదివి, "మధ్యలో ఉబ్బు అంటున్నారా? అయితే మన పెద్ద పలక మధ్యలో పల్లం," అన్నాను. అతను నన్ను ఎలా చూశాడంటే, ఆదివారం చర్చిలో లేచి నిలబడి బూతు మాట్లాడినదాన్ని చూసినట్టు చూశాడు. "అది ఓరిన్ పలక. ఓరిన్ పంపిన మెషిన్ ఒక్కటైనా తిరిగొచ్చిందా?" "రాలేదు. అప్పట్లో ఇంత సన్నంగా కొలిచినవాడు లేడు." "చూడు డెల్, కొన్న మనిషి స్వయంగా వస్తానంటున్నాడు, అతను వచ్చేనాటికి నాకో జవాబు కావాలి. తప్పు నీదైతే ఈ గీకుడు బల్ల ఎత్తేస్తాను. చేత్తో చేసే పని ఇక మనకొద్దు." పదిహేనేళ్ళ పని, రెండు ముక్కల్లో తేల్చేశాడు. ఆరు వారాలు గడువు అడిగాను. ఇచ్చాడు, పాపం, మంచివాడే.

మిస్ హార్ట్‌వెల్ ఇక్కడుంటే బావుండేది. హైస్కూల్లో ఆవిడ రేఖాగణితం చెప్పేది, సుద్దముక్క బోర్డు మీద ఒక్కసారి పొడిచి, "ఇది బిందువు, దీనికి పొడవు లేదు, వెడల్పు లేదు, మందం లేదు," అనేది. నేను చెయ్యెత్తి, మరి కనబడుతోందేం అన్నాను. క్లాసంతా నవ్వారు, ఆవిడ నవ్వలేదు, కనబడేది సుద్ద, బిందువు కాదు అంది. రేఖకి వెడల్పు లేదు, తలానికి మందం లేదు, రెండు బిందువులుంటే వాటి గుండా ఒకే ఒక్క సరళరేఖ, ఒకే వరసలో లేని మూడు బిందువులుంటే వాటి గుండా ఒకే ఒక్క తలం. అన్నీ లేనివే, లేనివాటి మీద ఇన్ని ఆంక్షలేమిటా అనుకుని కిటికీలోంచి నదిని చూస్తూ కూర్చున్నాను, అత్తెసరు మార్కులతో గట్టెక్కాను. తర్వాత ఎప్పుడో ముప్పై దాటాక, బట్టల మిల్లు మూతపడి ఇక్కడ తేలినప్పుడు, మేస్త్రీ నా ముందు ఒక గరుకు ఇనుప దిమ్మ పెట్టి, పెద్ద పలక మీద నీలం రంగు పలచగా పూసి, దిమ్మని దాని మీద బోర్లించి అటూ ఇటూ జరిపి పైకెత్తాడు. దిమ్మకి మూడంటే మూడు నీలం చుక్కలు అంటుకున్నాయి. "ఎన్ని ఆనుతున్నాయి?" "మూడు." "మూడే ఎందుకు?" నా నోరు తెరుచుకుంది. మూడు కాబట్టి నిలబడింది, మూడో చుక్క లేకపోతే ఊగేది. ఇరవై ఏళ్ళ వెనక మిస్ హార్ట్‌వెల్ బోర్డు మీద పొడిచిన చుక్కలు వచ్చి నా ముందు నీలంగా నిలబడ్డాయి. ఆ రోజు ఇంటికి వెళ్ళి ఆవిడకి ఉత్తరం రాద్దామనుకున్నాను. రాయలేదు, బద్ధకం.

ఆ చుక్కల్ని స్క్రేపర్‌తో గీకెయ్యాలి. ఎత్తున్నవి అవే గనక. గీకి, తుడిచి, మళ్ళీ నీలం మీద బోర్లిస్తే ఈసారి ఐదు, ఆ తర్వాత తొమ్మిది, రోజులు గడిచేకొద్దీ చదరపు అంగుళంలో ఇరవై. ఎత్తున్నవాటిని ఒక్కొక్కటే దించుకుంటూ పోతే పక్కనున్నవి పైకి తేలుతుంటాయి, అన్నీ ఒకే ఎత్తుకి వచ్చి ఇక గొడవపడవు. తలమంటే అదే, గొడవ మానేసిన బిందువులు. ఇది మేస్త్రీకి చెబితే, "కవిత్వం తర్వాత, మూలన ఇంకా నాలుగు చుక్కలు తక్కువున్నాయి," అన్నాడు. ఆయన మెచ్చుకోవడం ఎలా ఉంటుందంటే, తప్పు చూపించడం ఆపేస్తాడు. మొదటిసారి అలా ఆపేసిన రోజు నేను కారులో కూర్చుని ఏడ్చాను.

మా నాన్న మేపుల్ చెట్ల రసం పాకానికి కాచేవాడు, సరిగ్గా ఈ రోజుల్లోనే. కొట్టంలో పెద్ద రేకు పళ్ళెం కింద కట్టెల పొయ్యి, పళ్ళేనికి ఒక మూల అరంగుళం ఎత్తుంటే ఆ మూల రసం పొర పలచనై మాడిపోయేది. ఆయన దగ్గర మట్టం చూసే పరికరమేదీ లేదు. ముందు పళ్ళెంలో నీళ్ళు పోసి, నాలుగు గోడల దగ్గరా వేలు ముంచి, వేలి మీద తడి ఎక్కడిదాకా వచ్చిందో చూసుకుని కాళ్ళ కింద చెక్కలు పెట్టేవాడు. "నీళ్ళని అడుగు, అవి అబద్ధమాడవు," అనేవాడు. నిజమే, నీళ్ళు వాటంతట అవే చదునవుతాయి. ఇనుముకి ఆ సుగుణం లేదు, దానికి ఎవరో ఒకరు చెప్పాలి. చెప్పేవాడికి చదును తెలిసుండాలి. వాడికి ఎలా తెలుసు? ఇంకో పలక చూసి. ఆ పలకకి ఎలా తెలుసు? ఇక్కడే హాలిస్ బుర్ర తిరిగిపోతుంది. తిన్నటి ఇనుప బద్ద పెట్టి చూడొచ్చుగా అన్నాడు మొన్న, పలక మీద ఏ రెండు బిందువులు పట్టుకున్నా వాటిని కలిపే రేఖంతా పలక మీదే పడుకోవాలి కదా, వెలుతురు దూరిందంటే పల్లమున్నట్టే కదా అని. భేషుగ్గా చెప్పాడు, మిస్ హార్ట్‌వెల్ మార్కులు వేసేది. కానీ ఆ బద్దని గీకింది ఏ పలక మీద? ఈ పలక మీదే. పలక పల్లమైతే బద్ద ఉబ్బు, రెండూ కలిసి నిక్షేపంలా అతుకుతాయి, వెలుతురు పిసరంత దూరదు. దొంగకి దొంగ సాక్ష్యం.

రెండో పలకా అంతే. పెద్ద పలకనీ దాన్నీ ఒకదాని మీద ఒకటి రుద్ది గీకితే రెండూ అంగుళానికి ఇరవై చుక్కల చొప్పున అతుకుతాయి, చూడ్డానికి ముచ్చటగా ఉంటుంది, చెంచాలో చెంచా పడుకున్నట్టు. చెంచాలు రెండూ చదునని ఎవరైనా అంటారా? అందుకని మూడోది కావాలి. మొదటిది పల్లమైతే దానికి అతికిన రెండోది ఉబ్బు, దానికే అతికిన మూడోదీ ఉబ్బు. ఇప్పుడు రెండోదాని మీద మూడోదాన్ని పెట్టు. రెండు ఉబ్బులు ఎదురెదురు పడతాయి, నడుములు తగులుకుని అంచులు గాల్లో తేలతాయి. మూడూ ఒకదానికొకటి అతకాలంటే ప్రపంచంలో ఒక్కటే దారి, మూడూ చదును కావాలి. కొలబద్ద అక్కర్లేదు, ప్రభుత్వ ముద్ర అక్కర్లేదు, మూడు దిమ్మలూ ఓపికా ఉంటే చాలు. ఇది నాకు నేర్పింది ఎవరనుకున్నారు, ఎదురుగా కూర్చున్న ఈ పెద్దమనిషే, వచ్చిన మొదటి వారంలోనే. "మరి మూడోది ఏది మేస్త్రీ గారూ?" అనడిగాను అప్పుడు. "పోయింది," అన్నాడు. పోవడానికి అదేమైనా గొడుగా? నేను మళ్ళీ అడగలేదు. ఆయన పలక అది, ఆయన అడుగుల్లో నేను అడుగులేస్తున్నాను, అడగడం దేనికి అనుకున్నాను.

ఈ ఆరు వారాలూ యార్డులో వానకి తడుస్తున్న పాత దిమ్మ ఒకటి తెచ్చి, పెద్ద పలకకి అతికేలా గీకాను. భోజనం వేళలు పోయాయి, భుజం పోయింది, దిమ్మ మాత్రం అంగుళానికి ఇరవై రెండు చుక్కలు చూపించింది. మేస్త్రీ వారానికి రెండుసార్లు వస్తాడు, పాత అలవాటు, కాఫీ తాగి వెళ్తాడు. దిమ్మని చూశాడు, ఎందుకని అడగలేదు. ఏదీ ఎందుకని అడక్కుండా ఉండని మనిషి అడగలేదు, నాకు అప్పుడే తట్టాల్సింది. తట్టలేదు. ఆ వారాల్లో నాకు ఒక్కటే తిక్క ఆలోచన, మెడ వెనక దోమలా వదిలేది కాదు. పదిహేనేళ్ళు నేను అతికింది పలకకేనా? స్క్రేపర్ పట్టుకునే తీరు ఆయనది, బూతులు ఆయనవి, పోటీ షాపు గిల్మన్‌లంటే చిన్నచూపు ఆయనది. మేమిద్దరం ఏ విషయంలోనూ ఒకరి మాట ఒకరం కాదనలేదు, అందుకే మేం సరైనవాళ్ళం అనుకున్నాం. ఆయనలో ఎక్కడైనా పల్లముంటే నాలో అక్కడ ఉబ్బు ఉండే ఉంటుంది. ఉండనీ. చేతిలో స్క్రేపర్ ఉన్నదాన్ని, గీక్కుంటాను.

ఇంకా ఇరవై నిమిషాలు, అన్నాను. హాలిస్ గుమ్మంలోంచి వెళ్ళి ఫోన్ మాట్లాడి మళ్ళీ వచ్చి, మాకు వీపు పెట్టి గడియారం చూస్తూ నిలబడ్డాడు. మేస్త్రీ లేచాడు. మోకాళ్ళు పటుక్కుమన్నాయి. రెండో పలక దగ్గరకి నడిచి, అరచేత్తో దాని మీద దుమ్ము తుడిచాడు, మేమందరం అలాగే తుడుస్తాం, గుడ్డకి తెలియని రేణువు అరచేతికి తెలుస్తుంది. ఒక్క తుడుపు, అంతే ఉండాలి. ఆయన చెయ్యి పలక మధ్యలో ఆగింది. ఆగి అక్కడే ఉంది. నేను లోపల లెక్కపెడుతున్నాను, ఐదు, పది, పదిహేను, ఆయన కిటికీ వైపు చూస్తున్నాడు. ముప్పై. చెయ్యి తియ్యలేదు. మనిషి ఒంటి వేడికి ఇనుము ఉబ్బుతుంది, చెయ్యి పెట్టినచోట కనబడని గుబ్బ లేస్తుంది, ఇది కూడా నాకు నేర్పింది ఆయనే, నా చేతి మీద చెక్కబద్దతో కొట్టి మరీ నేర్పాడు. ఇప్పుడు పరీక్ష పెట్టి అందులో ఉబ్బు కనబడితే, చెయ్యి వేడమ్మా, మరిచిపోయాను, ముసలాణ్ణి అనొచ్చు. హాలిస్ నమ్ముతాడు. ఆయన మరిచిపోలేదు. ఈ మనిషి పెళ్ళిరోజు మరిచిపోతాడేమో గాని ఇది మరిచిపోడు. తెలుసు. ఈయనకి తెలుసు. ఇవాళ కాదు, ఎప్పట్నుంచో తెలుసు.

కోపం వచ్చింది. ఫిబ్రవరిలో హాలిస్ నా కళ్ళజోడు గురించి మాట్లాడినప్పుడు ఈయన అక్కడే నిలబడి కాఫీ తాగాడు. ఆరు వారాలు నా భుజం పడిపోతుంటే చూశాడు. నోట్లో మాట వరకూ వచ్చింది, హాలిస్ ముందే అడిగేద్దామని. కానీ ఆ చెయ్యి చూస్తే, దాని మీది మచ్చలు, బొటనవేలు దగ్గర ఎప్పుడో తెగిన గీత చూస్తే, ఆ మాట మింగేశాను.

"మేస్త్రీ గారూ, చెయ్యి," అన్నాను, ఆయనకి మాత్రమే వినబడేలా.

తీశాడు. జేబులో పెట్టుకున్నాడు.

"హాలిస్, ఇంకో గంట పడుతుంది," అన్నాను గుమ్మం వైపు తిరిగి.

"ఇంకో గంటా? ఇప్పుడేగా ఇరవై నిమిషాలన్నావు!"

"పలక వేడెక్కింది. నేను ముట్టుకున్నాను."

"నువ్వా? నీకేమైంది ఇవాళ?"

"ముసలిదాన్నవుతున్నానుగా, నువ్వే అన్నావు. వెళ్ళి కాఫీ తాగు."

గొణుక్కుంటూ వెళ్ళాడు. మేమిద్దరం మిగిలాం. నేను అడగలేదు, అడిగితే ఆయన ఏదో ఒక జవాబు చెప్పాలి, అడక్కపోతే నిజం చెప్పొచ్చు. నిజం నిలకడ మీద తెలుస్తుందంటారు, సరే, నిలకడగా ఉందాం, ఇనుముతో పాటు మనమూను. పదిహేను నిమిషాలు పట్టింది ఆయనకి.

"మా ఆవిడ ఓపల్ చనిపోయిన వారం," అన్నాడు, పలకతో చెబుతున్నట్టు. "సమాధి చేసి వచ్చిన శనివారం. ఇంట్లో ఉండలేక ఇక్కడికొచ్చాను. పలకలు అరిగాయి, మూడూ సరిచెయ్యాలి. ఇద్దరు ఎత్తాల్సినదాన్ని ఒక్కణ్ణే ఎత్తాను. మూడోది జారి నేలకి తగిలి రెండు చెక్కలయ్యింది. ఎవర్నైనా పిలిచుంటే..." ఆగాడు. "పిలవాలనిపించలేదే పిల్లా. ఎవరి మొహమూ చూడాలనిపించలేదు. ఉన్న రెండింటినీ ఒకదానికొకటి గీకేశాను. ఎంత బాగా అతికాయో! ఇక చాల్లే అనుకున్నాను."

"మూడోది మళ్ళీ చేసుకోవచ్చుగా?"

"చేస్తే తెలిసిపోతుందిగా."

పదిహేడేళ్ళ కిందటి మాట. అప్పటికి నేను మిల్లులో దారాలు చుడుతున్నాను. ఆవిణ్ణి నేను చూడలేదు, ఆయన బల్ల మీద ఫోటోలో తెల్లచొక్కా వేసుకుని నవ్వుతుంటుంది. కోపం ఇంకా ఉంది, పోలేదు, కానీ పక్కనే జాలి వచ్చి కూర్చుంది, రెండూ సర్దుకున్నాయి. ఇక్కడ నాకు చాలా తేలికైన దారి ఒకటి కనబడింది. ఇద్దరమే ఉన్నాం. మూడో పలక సరిగ్గా రాలేదు హాలిస్, నా చెయ్యే జారింది అంటే చాలు, ఈ ముసలాయన పేరు అలాగే ఉండిపోతుంది. ఆ ఆలోచన వచ్చినంత వేగంగానూ పోయింది. నా చెయ్యి జారలేదు. జారని చేతిని జారిందనడం నాకు రాదు, ఆయన నేర్పలేదు.

హాలిస్ కాఫీ వాసనతో తిరిగొచ్చాడు. గంటైంది. కప్పీతో మూడో పలకని ఎత్తి, బోర్లించి, రెండోదాని మీదకి గాలి దించినట్టు దించాను. ఈ పరీక్షకి నీలం కూడా అక్కర్లేదు. పై పలక మూల మీద ఒక వేలితో తోస్తే, రెండూ చదునైతే అది బరువుగా, బద్ధకంగా, అవతలి చివర దగ్గర ఎక్కడో ఇరుసు పెట్టుకుని కదులుతుంది. నడుములు తగులుతుంటే మధ్యలో తిరుగుతుంది. వేలు చాచాను. మేస్త్రీ నా మణికట్టు పట్టుకుని పక్కకి జరిపాడు. తన చూపుడువేలు మూలకి ఆనించి, తోశాడు.

మణుగుల బరువున్న ఇనుము గిర్రున తిరిగింది. తలుపు మీద గాలి వీచినంత తేలిగ్గా, చప్పుడు లేకుండా, సగం చుట్టు తిరిగి ఆగింది.

"అంటే?" అన్నాడు హాలిస్.

ఆరు వారాలుగా ఈ క్షణానికి ఒక మాట దాచుకున్నాను, పదునైన మాట, దారిలో కారులో గట్టిగా అనుకుని చూసుకున్న మాట. పలక వైపే చూస్తూ దాన్ని వదిలేశాను.

"అంటే నా పెద్ద పలక మధ్యలో పల్లం," అన్నాడు మేస్త్రీ. "ఈ పిల్ల మెషిన్‌లో తప్పేం లేదు. నా పలకకి గీకింది, నా తప్పుని వెంట్రుకవాసి తేడా రాకుండా దించింది. అంత బాగా గీకేవాళ్ళు ఈ లోయలో ఇంకెవరూ లేరు. నేనూ కాదు."

హాలిస్ కుర్చీలో కూలబడ్డాడు. "ఎప్పట్నుంచి?"

"పదిహేడేళ్ళు."

"దేవుడా! ఎన్ని మెషిన్లు వెళ్ళుంటాయి ఓరిన్? పుస్తకాలు తిరగెయ్యాలి..."

"నలభై ఒకటి," అన్నాడు మేస్త్రీ. ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. "ముప్పై నాలుగు నావి, ఏడు తనవి. ఎవరెవరి దగ్గరున్నాయో చెబుతాను, రాసుకో. ఫోన్లు నేనే చేస్తాను. శుక్రవారం ఆ మనిషి వస్తే నన్ను పిలు."

నలభై ఒకటి. బండెక్కిన ప్రతి మెషిన్ వెనకా ఈ మనిషి నిలబడి లోపల లెక్కపెట్టుకున్నాడు, పక్కన నేను చేతులు తుడుచుకుంటూ, మేస్త్రీ గారు ఇవాళ పరధ్యానంగా ఉన్నారేమిటా అనుకున్నాను. నేను నెగ్గాను. నెగ్గుతానని తెలుసు, నెగ్గాను, కప్పీ గొలుసు తీసి కొక్కేనికి తగిలించాను. హాలిస్ కాగితం కోసం వెళ్ళాడు, గీకుడు బల్ల ఎత్తెయ్యడం గురించి మళ్ళీ ఎత్తలేదు.

మేస్త్రీ పెద్ద పలక మీది చెక్కమూత తీసి గోడకి ఆనించాడు. ఈ పలక మీద పదిహేనేళ్ళలో నన్ను నీలం పుయ్యనిచ్చాడు, తుడవనిచ్చాడు, స్క్రేపర్ మాత్రం ఆనించనివ్వలేదు. ఎవర్నీ ఆనించనివ్వలేదు.

"మధ్య పల్లం కాబట్టి అంచులు దించాలి," అన్నాడు. "మొదలుపెట్టు."

"మీ పలక. మొదటి గీత మీరు గీకండి."

"నా చెయ్యి దీని మీద పడింది చాలు. కానీ, తొందరగా, ఆకలేస్తోంది."

అంచు మీద స్క్రేపర్ ఆనించాను. ఆయన నా భుజం పక్కకి వచ్చి నిలబడ్డాడు. తోశాను, ఆయన ఇనుము సన్నటి రజనుగా లేచింది, ఆయన ఏ తప్పూ చూపించలేదు.